లాయోష్ కోల్తాయ్

లాయోష్ కోల్తాయ్ (జననం: 1946 ఏప్రిల్ 2, బుడాపెస్ట్) హంగేరీకి చెందిన ఛాయాగ్రాహకుడు, దర్శకుడు. దర్శకుడు ఇష్త్వాన్ సాబో చిత్రాలకు పట్టిన కెమెరాతో ప్రపంచానికి తెలిశారు. అరవయ్యో ఏడు దగ్గర పడుతుండగా 'ఫేట్‌లెస్' (2005)తో దర్శకుడయ్యారు.

ఆయనకు పని నేర్పిన గురువు జ్యోర్జ్ ఇల్లేష్. హాలీవుడ్‌లో పేరు తెచ్చుకున్న విల్మోష్ జిగ్మండ్, లాస్లో కొవాచ్ కూడా ఆ గురువు శిష్యులే. వాళ్లిద్దరూ 1956 హంగేరీ తిరుగుబాటు తర్వాత దేశం వదిలి వెళ్లారు. తర్వాతి తరం వాడైన కోల్తాయ్ స్వదేశంలోనే ఎదిగారు. ఆయన ఛాయాగ్రహణం చేసిన మార్తా మేసారోష్ చిత్రం 'అడాప్షన్' 1975లో బెర్లిన్ చిత్రోత్సవంలో గోల్డెన్ బేర్ గెలుచుకుంది.

సాబోతో జోడీ 'కాన్ఫిడెన్స్' (1980)తో కుదిరింది. మరుసటి ఏడు వచ్చిన 'మెఫిస్టో' ఉత్తమ విదేశీ భాషా చిత్రంగా ఆస్కార్ అందుకుంది. నాజీల ప్రాపకం కోసం మెట్టు మెట్టుగా దిగజారే రంగస్థల నటుడి కథ అది. చివర్లో ఆ నటుణ్ణి ఖాళీ స్టేడియంలోకి తీసుకెళ్తారు. ఫ్లడ్‌లైట్లు అతని మీదికి తిరుగుతాయి. ఎటు పరిగెత్తినా వెలుగు వెంటాడుతుంది, చేతులతో కళ్లు కప్పుకుంటాడు. జన్మంతా వెలుగులో నిలబడాలని కోరుకున్నవాడికి ఆ వెలుగే శిక్ష అవుతుంది. కోల్తాయ్ పనితనం తెలియాలంటే ముందు చూడవలసిన దృశ్యం ఇదే. 'కల్నల్ రెడ్ల్' (1985), 'హనుస్సెన్' (1988), 'సన్‌షైన్' (1999), 'బీయింగ్ జూలియా' (2004) కూడా ఈ జోడీవే.

1980ల చివరి నుంచి అమెరికాలోనూ పనిచేశారు. జోడీ ఫాస్టర్ దర్శకత్వం వహించిన 'హోమ్ ఫర్ ది హాలిడేస్' (1995) వాటిలో ఒకటి. ఇటలీ దర్శకుడు జుసెప్పె తోర్నతోరెతో చేసిన రెండు చిత్రాలు అంతకంటే గొప్పవి. 'ది లెజెండ్ ఆఫ్ 1900' (1998)లో తుపానుకు ఓడ ఊగుతుంటే పియానో చక్రాల బిగింపులు విప్పేస్తారు. వాయించేవాడితో సహా పియానో నాట్యశాల నేలంతా జారుతూ తిరుగుతుంది, కెమెరా కూడా దానితో పాటే ఊగుతుంది. 'మలేనా' (2000) ఛాయాగ్రహణానికి ఆయన ఆస్కార్‌కు నామినేట్ అయ్యారు.

దర్శకుడిగా తొలి చిత్రం 'ఫేట్‌లెస్'కు ఎంచుకున్నది మాత్రం చాలా కష్టమైన కథ. నోబెల్ గ్రహీత ఇమ్రే కెర్తేస్ నవల అది. స్క్రీన్‌ప్లే కూడా కెర్తేసే రాశారు. 1944లో బుడాపెస్ట్‌లో బస్సులోంచి దింపేసిన పద్నాలుగేళ్ల యూదు కుర్రాడు ఆష్విట్స్, బూకెన్‌వాల్డ్ నాజీ శిబిరాలకు చేరడం కథ. కోల్తాయ్ ఈసారి కెమెరా గ్యులా పాడోష్‌కు అప్పగించారు. సంగీతం ఎన్నియో మొరికోనే. కథ శిబిరాల్లోకి వెళ్లేకొద్దీ తెర మీద రంగులు వెలిసిపోతూ వస్తాయి. హాజరు కోసం గంటల తరబడి నిలబెట్టిన ఖైదీలు, చారల బట్టల్లో, నిద్రకూ నీరసానికీ తూలుతూ గాలికి ఊగే పైరులా కనిపిస్తారు. ఇంత ఘోరాన్ని ఇంత అందంగా చూపవచ్చా అని కొందరు విమర్శకులు తప్పుపట్టారు. ఆ అభ్యంతరం నవలను మరిచిపోయి చేసినదనిపిస్తుంది. శిబిరంలోనూ సాయంత్రం వేళ ఒకలాంటి సంతోషం ఉండేదని ఒప్పుకునే కుర్రాడి కథ అది. ఆ వేళకు తగిన వెలుగు లేకపోతే కథే అబద్ధమవుతుంది.

అమెరికాలో తీసిన 'ఈవెనింగ్' (2007)లో రెండు జతల నిజమైన తల్లీకూతుళ్లు నటించారు: వెనెస్సా రెడ్‌గ్రేవ్, నటాషా రిచర్డ్‌సన్ ఒక జత; మెరిల్ స్ట్రీప్, మేమీ గమ్మర్ మరో జత. తారాబలం ఉన్నా తొలి చిత్రంలోని బిగువు దీనికి లేదు.

డెబ్బై ఏడేళ్ల వయసులో 'జెమ్మెల్వైస్' (2023) విడుదల చేశారు. 1847లో వియన్నా ఆసుపత్రిలో, శవపరీక్ష చేసిన చేతులతోనే కాన్పులు చేయడం వల్ల బాలింతలు జ్వరంతో చనిపోతున్నారని గ్రహించి, క్లోరిన్ నీళ్లతో చేతులు కడుక్కోవాలని పట్టుబట్టిన హంగేరీ వైద్యుడు ఇగ్నాస్ జెమ్మెల్వైస్ కథ ఇది.