కల్లెడ బడి మైదానం

2016 అక్టోబర్‌ 11న పాత వరంగల్‌ జిల్లా ముక్కలైంది. జనగామ, మహబూబాబాద్‌, భూపాలపల్లి దేనికది జిల్లా కేంద్రమయ్యాయి. పర్వతగిరి మండలంలోని కల్లెడ వరంగల్‌ వైపే ఉండిపోయింది. అయినా మా మానుకోట (మహబూబాబాద్‌)లో ఆటల ముచ్చట వస్తే కల్లెడను పరాయి జిల్లా ఊరని ఎవరూ అనుకోరు.

అక్కడ రూరల్‌ డెవలప్‌మెంట్‌ ఫౌండేషన్‌ నడిపే బడి ఉంది. జనం నోట ఆర్డీఎఫ్‌ బడి. చదువుతోపాటు పిల్లల చేతికి విల్లు కూడా ఇచ్చిన బడి అది. అక్కడ బాణం పట్టిన వర్ధినేని ప్రణీత 2008లో బీజింగ్‌ ఒలింపిక్స్‌కు వెళ్లింది.

ఆ బడిలోనే చదివిన కల్లెడ పిల్ల జీవాంజి దీప్తి 2003లో పుట్టింది. అమ్మానాన్నలు ధనలక్ష్మి, యాదగిరి కూలికిపోతేనే ఇల్లు గడిచేది. బిడ్డకు మేధోపరమైన వైకల్యం. ఊళ్లో కొందరు పిచ్చిదన్నారు, కోతి అన్నారు. అనాథాశ్రమంలో వదిలేయమని సలహా చెప్పినవాళ్లూ ఉన్నారు. బడిలో పీఈటీ బియ్యాని వెంకటేశ్వర్లు సారు మాత్రం ఆ పిల్ల కాళ్లలోని వేగం చూశారు. 2019లో ఖమ్మంలో జరిగిన రాష్ట్రస్థాయి పోటీల్లో కోచ్‌ నాగపురి రమేశ్‌ కంట పడింది. ఆయన హైదరాబాద్‌ పంపమంటే ఇంట్లో బస్సు కిరాయికీ పైసల్లేవు.

దీప్తి పోటీపడే 400 మీటర్ల పరుగులో ఆసాంతం ఒకే ఊపుతో ఎవరూ ఉరకలేరు. మొదట్లోనే బలమంతా ఖర్చుపెడితే చివరి వంద మీటర్లలో కాళ్లు బరువెక్కుతాయి. ఎక్కడ ఆపుకోవాలో, ఎక్కడ వదలాలో పరుగులోనే లెక్క కట్టుకోవాలి. మేధో వైకల్యం ఉన్నవాళ్లకు కష్టమయ్యేది సరిగ్గా ఆ లెక్కే. పారా క్రీడల్లో వాళ్లు పోటీపడే విభాగాన్ని టీ20 అంటారు. దీప్తికి ఆ లెక్క సాధనతోనే ఒంటబట్టింది. 2023లో హాంగ్‌ఝౌ ఆసియా పారా క్రీడల్లో స్వర్ణం. 2024 మేలో జపాన్‌లోని కోబేలో 55.07 సెకన్లు. అంతకుముందు అమెరికా అమ్మాయి బ్రియానా క్లార్క్‌ పేరిట ఉన్న 55.12 ప్రపంచ రికార్డు దాంతో చెరిగిపోయింది. అదే ఏడు సెప్టెంబర్‌లో పారిస్‌ పారాలింపిక్స్‌లో 55.82తో కాంస్యం. మేధో వైకల్యం ఉన్న భారతీయుల్లో పారాలింపిక్‌ పతకం గెలిచిన తొలి క్రీడాకారిణి ఆమే. తర్వాత అర్జున అవార్డు.

ఇబ్బందుల్లో ఆ ఇంటివాళ్లు తమ కొద్దిపాటి భూమిని అమ్ముకున్నారు. హాంగ్‌ఝౌ పతకానికి వచ్చిన బహుమతి సొమ్ముతో దీప్తి దాన్ని తిరిగి కొని అమ్మానాన్నలకు ఇచ్చింది.

ఊరి చరిత్ర రాసేటప్పుడు గుడి కట్టించినవారి పేరు, చెరువు తవ్వించినవారి పేరు తప్పక రాస్తాం. కల్లెడ చరిత్రలో పీఈటీ సారు పేరూ ఆ వరుసలోనే రావాలి. ఆ పిల్లను ఊరంతా రోజూ చూసింది. ఆ పరుగు ఎక్కడిదాకా పోగలదో అంచనా వేసింది మాత్రం ఆయనే. మానుకోట, జనగామ, భూపాలపల్లి బడుల్లో ఎక్కడైనా పీఈటీ కుర్చీ ఖాళీగా ఉంటే అక్కడ ఆగిపోయేది ఒక్క ఆటల పీరియడే కాదు, అలాంటి పిల్లల భవిష్యత్తు కూడా.