ఎకరం అరవై సెంట్లు, మధ్యలో ఒక్క రాట లేదు: హెచ్‌ఐసీసీ కథ

కొత్తగా చూస్తున్నవాళ్ళ కోసం ఒక ముక్క: మాది కోనసీమలో మామిడికుదురు దగ్గర నగరం. పేరుకే నగరం, ఊరు మాత్రం కొబ్బరి తోటలూ కాలవగట్లూ. నగరం అనగానే చాలామందికి 2014 జూన్ 27 నాటి గ్యాస్ పైప్‌లైన్ పేలుడు గుర్తొస్తుంది. అది అయిదు నిమిషాల్లో చెప్పి వదిలేసే విషయం కాదు, దానికి విడిగా ఒక ఎపిసోడ్ చేస్తా. ఇవాళ్టి కథ మాత్రం హైదరాబాద్ మహానగరంది. మాదాపూర్ వైపు వెళ్ళినవాళ్ళందరూ బయట నుంచి చూసే ఉంటారు: హెచ్‌ఐసీసీ, హైదరాబాద్ ఇంటర్నేషనల్ కన్వెన్షన్ సెంటర్.

ఈ బిల్డింగ్ మీద నాకు ఆసక్తి ఎలా వచ్చిందో ముందు చెప్పాలి. బీటెక్ అయ్యి ఉద్యోగంలో చేరిన కొత్తలో మా కంపెనీ అక్కడ ఒక పెద్ద ఈవెంట్ పెట్టింది. వచ్చినవాళ్ళ బ్యాడ్జీలు స్కాన్ చేసే యాప్ రాసిన టీమ్‌లో నేనూ ఒకణ్ణి. పొద్దున్న తొమ్మిదింటికి సరిగ్గా జనం వచ్చే టైమ్‌కి యాప్ పడుకుంది. కాగితం మీద పేర్లు రాసుకుని ఒక్కొక్కర్నీ లోపలికి పంపాం. ఆ రోజు తిన్న తిట్లు ఇక్కడ చెప్పను. రాత్రి ఒంటిగంటకి లాప్‌టాప్‌లు సర్దుకుని మెయిన్ హాల్లోకి వెళ్తే కుర్చీలు లేవు, స్టేజీ లేదు, లైట్లు సగం ఆర్పేశారు. అంత ఖాళీ ఒకేచోట నేను అంతకుముందు చూడలేదు. ఫోటో తీసి మా పెదనాన్నకి వాట్సాప్ చేశా.

పెదనాన్నకే ఎందుకంటే, ఆయన రాజోలు సైడ్ టెంట్ హౌస్ నడిపేవారు. షామియానాలు, కుర్చీలు, వంటపాత్రలు, జనరేటర్. పొద్దున్న లేచేసరికి ఆయన వాయిస్ మెసేజ్ ఉంది: "ఒరేయ్, మజ్జిలో రాటలేవిరా? దేని మీద నిలబడిందిరా అది?"

చాలా సరైన ప్రశ్న. కన్వెన్షన్ సెంటర్ అంటే అద్దాలూ లైట్లూ అనుకుంటాం గానీ, అసలు సరుకు ఆ ఖాళీయే. అద్దెకిచ్చేది కూడా దాన్నే.

ఎంత ఖాళీ అంటే, హెచ్‌ఐసీసీ మెయిన్ హాలు 6,480 చదరపు మీటర్లు. ఈ అంకె మనకి తలకెక్కదు కాబట్టి మన లెక్కలోకి మారుద్దాం: ఎకరం అరవై సెంట్లు. ఇరవై అయిదు అడుగుల ఎడంతో వేసుకుంటే 110 కొబ్బరి చెట్లు పట్టే నేల. ఆ నేల మీద ఒక్క స్తంభం లేకుండా కప్పు వేశారు. సుమారు 5,000 మంది పడతారు. కావాలంటే ఆరు హాళ్ళుగా విడగొట్టుకోవచ్చు కూడా.

ఇందులో కష్టం ఏంటో చూడండి. కాలవ మీద తాటి దూలం అడ్డంగా వేసి దాటతాం కదా. కాలవ వెడల్పు రెట్టింపైంది అనుకోండి. దూలం అదే, అడుగుకి మోసే బరువూ అదే. దాన్ని వంచే బలం రెట్టింపు అవ్వదు, నాలుగు రెట్లు అవుతుంది. మధ్యలో కుంగడం అయితే పదహారు రెట్లు. అందుకే మన పాత మండువా లోగిళ్ళలో గదులు సన్నగా ఉంటాయి. దూలం ఎంత పొడవు దొరికితే గది అంత వెడల్పు. పెద్ద జాగా కావాలంటే మధ్యలో కప్పే వదిలేసి చుట్టూ స్తంభాలు పెట్టారు. రాతితో కడితే ఇంకా కష్టం. రాయి నొక్కుడు బాగా తట్టుకుంటుంది, సాగదీస్తే పుటుక్కున విరిగిపోతుంది. హనుమకొండలో 1163 నాటి వేయి స్తంభాల గుడిలో అన్ని స్తంభాలు కనిపించేది అందం కోసమే కాదు. రాతి దూలం రెండు స్తంభాల మధ్య ఎక్కువ దూరం దాటలేదు మరి.

దీనికి తర్వాతివాళ్ళు కనిపెట్టిన కిటుకు ట్రస్. దూలం వంగినప్పుడు పై భాగం నొక్కుకుంటుంది, కింది భాగం సాగుతుంది. మధ్యలో ఉన్న సరుకు పెద్దగా పని చెయ్యదు, బరువు మాత్రం పెంచుతుంది. అయితే ఆ మధ్యది తీసేసి, పై కడ్డీనీ కింది కడ్డీనీ బాగా దూరం పెట్టి, వాటి మధ్య త్రిభుజాలు అల్లితే? నాలుగు పుల్లలు చతురస్రంగా కట్టి తోస్తే పక్కకి ఒరిగిపోతుంది, మూడు పుల్లల త్రిభుజం ఒరగదు. రాజమండ్రిలో పైన రోడ్డు, కింద రైలు వెళ్ళే వంతెన చూశారుగా. పక్కన ఇనుప త్రిభుజాల వరస ఉంటుంది, అదే. ఇంత పెద్ద హాలు కప్పంటే అలాంటి వంతెనల్ని పక్కపక్కనే గోడల మీద పెట్టి పైన రేకు పరిచినట్టు అనుకోండి. పైగా హాల్ని ముక్కలు చేసే అడ్డుగోడలు మామూలుగా పైనుంచి వేలాడతాయి. అంటే కప్పు తన బరువుతో పాటు ఆ గోడల్నీ, లైట్లనీ, స్పీకర్లనీ, ఏసీ గొట్టాలనీ మొయ్యాలి.

ఉక్కుకి ఒక బలహీనత ఉంది, మంట. చికాగోలో మెకార్మిక్ ప్లేస్ అనే భారీ ఎగ్జిబిషన్ హాలు 1960లో తెరిస్తే 1967 జనవరిలో కాలిపోయింది. వేడికి ఉక్కు మెత్తబడి కప్పు కూలింది. తర్వాత మళ్ళీ కట్టారు.

ఇక మన హాలు ఎలా వచ్చిందో చూద్దాం. 1998 నవంబర్‌లో వాజ్‌పేయి సైబర్ టవర్స్ ప్రారంభించారు. కంపెనీలు వచ్చాయి, ఫారిన్ నుంచి జనం వస్తున్నారు, కూర్చోబెట్టి మాట్లాడటానికి ఆ స్థాయి చోటు లేదు. 2003లో పక్కనే హైటెక్స్ ఎగ్జిబిషన్ గ్రౌండ్ వచ్చింది. కన్వెన్షన్ సెంటర్ కోసం ప్రభుత్వ సంస్థ ఏపీఐఐసీ, దుబాయ్‌కి చెందిన ఎమ్మార్ చేతులు కలిపాయి. హాలు, హోటల్, గోల్ఫ్ కోర్సు, విల్లాల టౌన్‌షిప్ అన్నీ కలిపి ఒకే పెద్ద ప్రాజెక్టు, వందల ఎకరాలు. చంద్రబాబు హయాంలో మొదలై వైఎస్ హయాంలో పూర్తయింది. ఆ భూముల వ్యవహారం మీద, ముఖ్యంగా టౌన్‌షిప్ వైపు, హైకోర్టు ఆదేశంతో 2011లో సీబీఐ కేసు పెట్టింది. ఆ తగువు లోతుల్లోకి ఇవాళ వెళ్ళను. ఒక్కటి గుర్తుపెట్టుకోండి: ఆ ఖాళీ కింద ఉన్నది ప్రభుత్వ భూమి. కట్టినప్పుడు ఆ ఊరు మన కోనసీమకీ రాజధానే.

తెరుచుకున్న రోజు గురించి ఒక మాట చెప్తే మీరు ఇంట్లో బీరువా వెతుక్కుంటారు. 2006 జనవరిలో ప్రవాసీ భారతీయ దివస్‌తో ఈ హాలు మొదలైంది. జనవరి 7న ఆ సభల్లోనే ప్రధాని మన్మోహన్ సింగ్ మొట్టమొదటి ఓసీఐ కార్డులు ఇచ్చారు. అమెరికా సిటిజన్‌షిప్ తీసుకున్న మీ అక్కో బావో వీసా లేకుండా సంక్రాంతికి దిగుతున్నారంటే, ఆ కార్డు మొదట చేతులు మారింది ఆ సభల్లోనే. కోనసీమలో ఏ వీధిలో అడిగినా ఒక ఓసీఐ కార్డు ఉంటుంది. ఇక్కడ మొదలైందని తెలిసినవాళ్ళు మాత్రం నాకు ఒక్కరూ తగల్లేదు.

2010 ఆగస్టులో అంతర్జాతీయ గణిత మహాసభలు జరిగాయి. నాలుగేళ్ళకోసారి జరిగే సభలు, మన దేశానికి రావడం అదే మొదటిసారి. రాష్ట్రపతి ప్రతిభా పాటిల్ చేతుల మీదుగా నలుగురికి ఫీల్డ్స్ మెడల్స్ ఇచ్చారు. వాళ్ళలో న్గో బావ్ చౌ ఉన్నారు, ఆ పతకం అందుకున్న మొదటి వియత్నాం మనిషి. ఆ సభల్లోనే విశ్వనాథన్ ఆనంద్ ఒకేసారి 40 మందితో చెస్ ఆడారు. 39 మంది ఓడిపోయారు. డ్రా చేసుకున్నది 14 ఏళ్ళ కుర్రాడు! అదే టైమ్‌లో ఆనంద్‌కి ఇవ్వాల్సిన గౌరవ డాక్టరేట్, ఆయన పౌరసత్వం ఏంటి అనే ఢిల్లీ ఫైలు దగ్గర ఇరుక్కుంది. స్పెయిన్‌లో ఎక్కువగా ఉంటారు కదా అని డౌటంట. ఓసీఐ కార్డులు పుట్టిన ఊళ్ళోనే ఈ ముచ్చట.

2012 అక్టోబర్‌లో జీవవైవిధ్యం మీద ఐక్యరాజ్యసమితి సదస్సు కూడా ఇక్కడే జరిగింది. ఆ ప్రాంతమంతా ఒకప్పుడు గ్రానైట్ గుండ్రాళ్ళ గుట్టలు, కోట్ల ఏళ్ళ నాటివి. వాటిని కాపాడాలని హైదరాబాద్‌లో 1996 నుంచీ ఒక సంఘమే ఉంది. ఈ ప్రాజెక్టు గోల్ఫ్ కోర్సు పేరు బౌల్డర్ హిల్స్. రాళ్ళ పేరు రాళ్ళకన్నా గట్టిగా నిలిచింది.

2017 నవంబర్‌లో ఇవాంకా ట్రంప్ వచ్చిన ప్రపంచ పారిశ్రామికవేత్తల సదస్సు మీకు బాగా గుర్తుండే ఉంటుంది. మిత్ర రోబో వీడియోలు అందరం షేర్ చేశాం. ఆ సదస్సుకి ముందు హైదరాబాద్ రోడ్ల మీద అడుక్కోవడాన్ని రెండు నెలల పాటు నిషేధిస్తూ పోలీసులు ఉత్తర్వు ఇచ్చారు. అడుక్కునేవాళ్ళని చంచల్‌గూడ, చర్లపల్లి జైళ్ళ ఆవరణల్లో పెట్టిన కేంద్రాలకి తరలించారు. లోపల మధ్యలో స్తంభం అడ్డు రాకూడదు, బయట దారిలో మనిషి అడ్డు రాకూడదు. నాకైతే ఈ హాలు చరిత్రలో రోబో కన్నా ఆ ఉత్తర్వే పెద్ద విషయం.

ఇన్ని జరిగిన చోట ఆ రాత్రి నాకు వీటిలో ఏ ఒక్కదాని గుర్తూ కనబడలేదు. సాఫ్ట్‌వేర్‌లో స్టేట్‌లెస్ సర్వర్ అంటాం. రిక్వెస్ట్ వస్తుంది, జవాబిస్తుంది, నువ్వెవరో మర్చిపోతుంది. కన్వెన్షన్ సెంటర్ అలాంటి బిల్డింగ్. గుడికి శాసనం ఉంటుంది, మన ఇంటి గుమ్మానికి పిల్లల ఎత్తు గీసిన పెన్సిల్ గీతలైనా ఉంటాయి. ఇక్కడ రాత్రికి రాత్రి అన్నీ ఊడదీసి, పొద్దున్నకి ఇంకొకరికి అప్పగించాలి. మర్చిపోవడమే దాని వ్యాపారం.

అందులో తప్పేముంది అంటారా? ఢిల్లీ కథ వినండి. స్వాతంత్ర్యం వచ్చి 25 ఏళ్ళు అయిన సందర్భంగా 1972లో ప్రగతి మైదాన్‌లో హాల్ ఆఫ్ నేషన్స్ కట్టారు. ఆర్కిటెక్ట్ రాజ్ రేవల్, స్ట్రక్చరల్ ఇంజనీర్ మహేంద్ర రాజ్. లోపల 78 మీటర్ల మేర స్తంభం లేదు, అంటే దాదాపు మన హెచ్‌ఐసీసీ హాలంత. అలాంటిది కట్టాలంటే ఉక్కు కావాలి. అప్పట్లో మన దగ్గర అంత ఉక్కూ లేదు, ఆ పని చేసే ఫ్యాక్టరీలూ లేవు. ఉన్నది సిమెంటూ, కూలీల చేతులూ. దాంతో త్రిభుజాల అల్లిక మొత్తాన్ని కాంక్రీటుతో, అక్కడికక్కడే పోతపోసి లేపారు. ప్రపంచంలో అంతకుముందు అంత పెద్దది ఆ పద్ధతిలో ఎవరూ కట్టలేదు. పేదరికం నుంచి పుట్టిన ఇంజనీరింగ్ అది.

2017 ఏప్రిల్‌లో దాన్ని రాత్రిపూట కూలగొట్టారు. ఆర్కిటెక్టులు కోర్టుకెళ్ళారు, ప్రపంచంలోని మ్యూజియంల నుంచి ఉత్తరాలు రాశారు. వారసత్వ కట్టడంగా చూడాలంటే 60 ఏళ్ళు నిండాలి, దీనికి 45 ఏళ్ళే అన్నారు. ఇప్పుడు ఆ ఆవరణలో భారత్ మండపం ఉంది, 2023లో జీ20 సదస్సు అక్కడే జరిగింది. అదీ పెద్ద కన్వెన్షన్ సెంటరే.

ఆ లెక్కన హెచ్‌ఐసీసీకి 60 నిండేది 2066లో. మాదాపూర్‌లో ఎకరం ధర ఏంటో మీకు తెలుసు. ఎకరం అరవై సెంట్ల ఒక్క అంతస్తు ఖాళీ అక్కడ అంతకాలం నిలుస్తుందని నేనైతే పందెం కాయను. ఈ ఎపిసోడ్ చెయ్యడానికి సగం కారణం అదే.

మిగతా సగం పెదనాన్న. మన కోనసీమలో ఇప్పుడు రోడ్డు పక్క పొలాల్లో మెరక చేసి ఏసీ హాళ్ళు కడుతున్నారు, ప్రతిదాని బోర్డు మీదా కన్వెన్షన్ అనే రాస్తున్నారు. కుర్చీ, వంట, లైటు అన్నీ హాలువాళ్ళవే. రాట పాతే పని లేదు. పెళ్ళిలో శాస్త్రానికి ఒక్క పందిరి రాట, అదీ ఇంటి దగ్గరే. పెదనాన్న షామియానాలు అమ్మేశారు.

పోయినేడాది కంటి ఆపరేషన్‌కి హైదరాబాద్ వచ్చినప్పుడు నన్ను అడిగి మరీ ఆ హాలు చూపించమన్నారు. ఆ రోజు ఏదో ఎగ్జిబిషన్, బ్యాడ్జీ లేనిదే లోపలికి లేదు. స్కానర్ దగ్గర కుర్రాడు మర్యాదగానే చెప్పాడు. నేను రాసిన యాప్ లాంటిదే, ఇది మాత్రం పడుకోలేదు. సరేలే అని గేటు బయటే నిలబడి కప్పు అంచు నుంచి అంచు దాకా చాలాసేపు చూశారు.

"బావుందిరా. గాలికి పన్లేదు, వానకి పన్లేదు" అన్నారు.

తిరిగొస్తుంటే రోడ్డు పక్కన కుర్చీల లారీ ఆగి ఉంది. పెదనాన్న దగ్గరికెళ్ళి ఒక కుర్చీ కాలు పట్టి ఊపి చూశారు. డ్రైవర్ దిగి ఏం కావాలి పెద్దాయనా అన్నాడు.

"కుర్చీకి రోజుకెంత తీసుకుంటన్నారు బాబూ?"