ప్రచార చిత్రాలకు పేరడీ పుట్టిందిలా

గంభీరమైన గొంతు, గీతలు పడ్డ నలుపు తెలుపు బొమ్మ, జనానికి బుద్ధులు చెప్పే ధోరణి. పాత ప్రచార చిత్రాలను అనుకరించి నవ్వించే టీవీ స్కెచ్‌లకు ఇవే ముడిసరుకు. అయితే ఈ విద్య ఆ స్కెచ్‌ల కంటే ముందే, రెండో ప్రపంచ యుద్ధం నడుస్తుండగా బ్రిటన్‌లో కనిపించింది. చేసి చూపింది సాక్షాత్తూ సర్కారు సమాచార శాఖే.

1934 నాటి నూరెంబర్గ్ సభల మీద దర్శకురాలు లెనీ రీఫెన్‌స్టాల్ నాజీల కోసం ‘ట్రయంఫ్ ఆఫ్ ది విల్’ తీసింది. 1942లో బ్రిటన్ సమాచార శాఖకు చెందిన చార్లెస్ రిడ్లీ ఆ రీళ్లు ముందేసుకున్నాడు. కాళ్లు బారజాపి కవాతు చేస్తున్న సైనికుల షాట్‌ను ముందుకు నడిపాడు, వెనక్కి నడిపాడు, మళ్లీ ముందుకు తెచ్చాడు. దానికి లండన్ జనం నోళ్లలో నానుతున్న ‘లాంబెత్ వాక్’ డాన్సు బాణీ కలిపాడు. అంతే, హిట్లర్ సేన తాళం తప్పకుండా చిందులేసింది! నాజీలు తిట్టిపోసిన డాన్సది. రెండు నిమిషాల ఆ ముక్క ఎదుట ఒరిజినల్‌లోని ఆర్భాటమంతా తేలిపోయింది. కత్తెర, బాణీ కలిసి చేసిన పని ఇది. నా దృష్టిలో దీన్ని మించిన పేరడీ ఇప్పటికీ రాలేదు.

యుద్ధం ముగిశాక 1946లో బ్రిటన్ సెంట్రల్ ఆఫీస్ ఆఫ్ ఇన్ఫర్మేషన్‌ను పెట్టింది. రోడ్డు దాటడం దగ్గర్నుంచి తుమ్ములకు రుమాలు అడ్డం పెట్టుకోవడం దాకా అన్నీ ప్రభుత్వ చిత్రాలే నేర్పేవి. వాటిని చూస్తూ పెరిగిన తరం టీవీలోకి వచ్చింది. 1970లో మాంటీ పైథాన్ అనే టీవీ హాస్య బృందం, ఎవరి కంటా పడకుండా ఎలా ఉండాలో నేర్పే సర్కారు చిత్రం ఒకటి కల్పించింది. దాక్కున్న మనిషిని వ్యాఖ్యాత మర్యాదగా లేచి నిలబడమంటాడు. అమాయకంగా లేచాడో, తూటా తగులుతుంది!

1990లలో హాస్యనటుడు హ్యారీ ఎన్‌ఫీల్డ్ ఇంకా లోతుకు వెళ్లాడు. ఆయన స్కెచ్‌లో విందు బల్ల దగ్గర ఒకావిడ కరెన్సీని బంగారంతో ముడిపెట్టే ‘గోల్డ్ స్టాండర్డ్’ గురించి మాట్లాడుతుంది. అందరూ కొయ్యబారిపోతారు. ఆడవాళ్లు తమ హద్దు తెలుసుకోవాలని వ్యాఖ్యాత హెచ్చరిస్తాడు. గొంతు, కాంతి, సూటు అన్నీ పాత ప్రచార చిత్రాల కాలానివే. అంత నిజాయితీగా అనుకరించాడు కాబట్టే పాత పెత్తనం బట్టబయలైంది. 2002 నాటి టీవీ సిరీస్ ‘లుక్ అరౌండ్ యూ’ స్కూలు పాఠాల కార్యక్రమాలకు ఇదే మందు వేసింది.

మనకూ 1948లో ప్రభుత్వ ఫిల్మ్స్ డివిజన్ వచ్చింది. సినిమాకు ముందు దాని న్యూస్‌రీల్ చూసే తీరాల్సి వచ్చిన తెలుగు ప్రేక్షకులకు ఆ గొంతు కొత్త కాదు. మన హాస్య రచయితలు ఆ రీళ్లను ఒకసారి శ్రద్ధగా చూడాలి.