దిక్సూచి లేక తీరము చేరిన ఓడ

యుద్ధచరిత్రలు చదువునపుడు మనకు సేనాపతుల పేర్లు, యుద్ధనౌకల పేర్లు విరివిగా కనబడును. ఆ యుద్ధనౌకలకు చమురును, ఆ సైనికులకు ఆహారమును మోసికొని వచ్చిన వర్తకపు ఓడల పేర్లు మాత్రము అరుదుగా కనబడును. రెండవ ప్రపంచయుద్ధకాలమున బ్రిటను దేశస్థులు తినవలసిన గోధుమలో పెద్దభాగము, వారి విమానములు ఎగురుటకు వలసిన పెట్రోలు సముద్రము మీదనే రావలసియుండెను. ఆ దారిని కాపాడుటకు వేలకొలది నావికులు ప్రాణములు ఒడ్డిరి. ఆ దారిన నడచిన ఓడలలో ఒకదాని చరిత్రను నేడు శ్రోతలకు వినిపింపదలచితిమి. దాని పేరు శాన్ డెమెట్రియో.

ఇది 1938 లో గ్లాస్గో నగరమున నిర్మింపబడిన చమురు ఓడ, 8,073 టన్నులది. యుద్ధము కొరకు కట్టిన ఓడ కాదు. 1940 శరత్కాలమున కరీబియను సముద్రములోని అరూబా ద్వీపమున 11,200 టన్నుల విమానపు పెట్రోలు నింపుకొని ఇంగ్లండులోని ఏవన్‌మౌత్ రేవునకు బయలుదేరెను. కప్తాను జార్జి వెయిట్. ఒక్క నిప్పురవ్వ తగిలినచో ఓడయంతయు మంటయై పోగల సరుకది. అట్టి సరుకుపై కొన్ని వారములు తినుచు, నిద్రించుచు, పని చేయుచు అట్లాంటిక్ మహాసముద్రమును దాటుటయే ఆ నావికుల నిత్యవృత్తి.

పూర్వము దొంగల భయముగల అడవిదారిన మన పెద్దలు ఒంటిబండి తోలుకొని పోయెడివారు కారు. పది బండ్లు కూడిన పిమ్మట, కర్రలు పట్టిన మనుష్యులను తోడు చేసికొని, వరుస కట్టి సాగెడివారు. సముద్రముపై కాన్వాయి అనునదియు ఇట్టిదే. శత్రువుల జలాంతర్గాములు సంచరించు దారిలో ముప్పది నలుబది ఓడలు ఒక్కగుంపుగా నడచును. యుద్ధనౌకలు వానికి కావలి కాయును. గుంపులోని నెమ్మదియైన ఓడ ఎంత వేగమున పోగలదో అన్ని ఓడలును అంతే వేగమున పోవలెను. తొందరపడినవానికి తోడు లేదు. విశాలసముద్రమున చెదరియున్న ముప్పది ఓడలను వెదకి పట్టుట కంటె ఒక్కచోట నున్న గుంపును కనుగొనుట శత్రువునకు కష్టము. ఈ విధానములోని కిటుకు ఇదియే.

శాన్ డెమెట్రియో చేరిన గుంపు 1940 అక్టోబరు 28 వ తేదీన కెనడాలోని హాలిఫాక్సు రేవు విడిచెను. నడిసముద్రమున దానికి కావలి ఒక్కటే ఓడ: జర్విస్ బే. అదియు పుట్టుకచే యుద్ధనౌక కాదు. ఆస్ట్రేలియా ప్రయాణికులను చేరవేయుటకు 1922 లో కట్టిన ఓడపై పాతకాలపు ఆరంగుళముల ఫిరంగులు ఏడు బిగించి కావలికి పంపిరి. నవంబరు 5 వ తేదీ సాయంకాలము, ప్రొద్దు క్రుంకుటకు కొంచెము ముందు, జర్మనుల యుద్ధనౌక అడ్మిరల్ షేర్ కనబడెను. దానిపై పదునొకండు అంగుళముల ఫిరంగులు ఆరు గలవు. జర్విస్ బే ఫిరంగులు అందుకొనలేనంత దూరమునుండియే అది గుండ్లు కురిపింపగలదు.

జర్విస్ బే కప్తాను ఎడ్వర్డ్ ఫెగెన్ గుంపులోని ఓడలను చెదరిపొండని ఆజ్ఞాపించి, తన ఓడను తిన్నగా శత్రువునకు ఎదురు నడిపించెను. గెలుతుమను భ్రమ ఆయనకు ఉండియుండదు. ఆయన కొనదలచినది విజయము కాదు, కాలము. చీకటి పడువరకు శత్రువును నిలుపగలిగినచో మిగిలిన ఓడలు చీకటిలో తప్పించుకొనును. జర్విస్ బే కాలుచు, చిల్లులు పడుచు, మునుగుచు ఆ కాలమును సంపాదించి పెట్టెను. ఫెగెనుతో పాటు దాదాపు 190 మంది మరణించిరి. శత్రుభయమును లెక్కింపక స్వీడను దేశపు వర్తకపు ఓడ యొకటి ఆ రాత్రి వెనుకకు తిరిగి వచ్చి 65 మందిని బ్రతికించినది. ఫెగెనుకు మరణానంతరము విక్టోరియా క్రాసు లభించినది.

ఆ సాయంకాలము గుంపులోని అయిదు వర్తకపు ఓడలు కూడ మునిగిపోయినవి. అందులో ఒకదాని పేరు మైదాన్. మన భాషలోను వాడుకలోనున్న ఈ మాట ఆంగ్లేయుల ఓడకు ఎట్లు వచ్చినదని శ్రోతలకు తోచవచ్చును. కలకత్తా వర్తకముతో చిరకాల సంబంధము గల బ్రాకిల్‌బ్యాంక్ సంస్థ ఓడ యది. దానిలోనివారు 91 మంది. ఒక్కరును తిరిగి రాలేదు. ఆ దినములలో బ్రిటిషు వర్తకపు ఓడలలో వేలకొలది భారతీయులు లస్కరులను పేరున పనిచేయుచుండిరి. పొయ్యిగదులలో బొగ్గు వేసినవారు, డెక్కులు కడిగినవారు, వంట చేసినవారు వారే. తెల్లనావికుల జీతములతో పోల్చినచో వారి జీతములు చాల తక్కువ. ఆ యుద్ధమున మరణించిన లస్కరుల సంఖ్య ఆరువేలకు మించినది. కాన్వాయిల చరిత్ర చెప్పునపుడు వారిని మరచుట న్యాయము కాదు.

ఇక మన ఓడ సంగతి. అడ్మిరల్ షేర్ గుండ్లు శాన్ డెమెట్రియోకును తగిలెను. ఓడను నడుపు వంతెన ధ్వంసమాయెను; మంటలు లేచెను. పెట్రోలు పేలిపోవుట క్షణములలో నున్నదని తలచి కప్తాను ఓడను విడువుడని ఆజ్ఞ ఇచ్చెను. నావికులు పడవలలోనికి దిగిరి. కప్తాను ఉన్న పడవలోనివారిని మరియొక ఓడ రక్షించినది. రెండవ అధికారి ఆర్థర్ హాకిన్స్, యంత్రశాల ముఖ్యాధికారి చార్లెస్ పొలార్డ్ మున్నగు 16 మంది గల పడవ మాత్రము చీకటిలో, పోటెత్తిన సముద్రములో ఏకాకిగా కొట్టుకొనిపోయెను.

మరునాడు వారికి దూరమున మండుచున్న ఓడ యొకటి కనబడెను. దగ్గరకు పోయి చూడగా అది తాము విడిచిన శాన్ డెమెట్రియోయే! ఇరువది నాలుగు గంటలు మండియు అది పేలలేదు, మునుగలేదు. అయినను ఎక్కుటెట్లు? ఓడ చుట్టును నీటిపై పెట్రోలు తేలుచున్నది. సముద్రము ఉగ్రముగా నున్నది. వారు మరియొక రాత్రి చలిలో, తడిసిన బట్టలతో, పడవలోనే గడపిరి. నవంబరు 7 వ తేదీన ఆ ఓడను మరల చేరి ఎక్కిరి. ఆ రెండవ రాత్రిని తలచుకొన్నప్పుడెల్ల మాకు ఆశ్చర్యము కలుగును. యుద్ధావేశమున, ఒక్క నిమిషములో చేయు సాహసము వేరు. చలిలో వణకుచు రాత్రియంతయు ఆలోచించి, తెల్లవారిన పిమ్మట పెట్రోలుతో మండుచున్న ఓడ నెక్కుట వేరు.

ఎక్కిన వెంటనే మంటలు ఆర్ప మొదలిడిరి. గుండ్లు చేసిన చిల్లులను చేతికి దొరికినవానితో మూసిరి. పొలార్డును ఆయన తోడివారును యంత్రశాలలో శ్రమించి యంత్రములను మరల తిరుగునట్లు చేసిరి. కాని ఓడను ఎటు నడుపవలెను? దిక్సూచి లేదు, సముద్రపటములు లేవు. రేడియో లేదు. వార్తలను నలుదిక్కులకు పంపుటయే వృత్తిగా గల మాకు ఈ చివరిమాట ప్రత్యేకముగా మనస్సునకు తగులును. తాము బ్రతికియున్నామని లోకమునకు తెలుపుటకు వారికి ఒక్క మాట పంపు సాధనమైన లేదు. మబ్బులు విడినపుడు కనబడు నక్షత్రములను బట్టియు, మిగిలిన వేళల ఊహను బట్టియు హాకిన్స్ ఓడను తూర్పునకు నడిపించెను.

ఆ పదునార్గురిలో జాన్ బాయిల్ అను యంత్రశాల పనివాడొకడు ఉండెను. ఓడ విడుచునపుడు పడవలోనికి దుమికి లోపల దెబ్బ తినెను. అంత బాధలోను యంత్రశాలలో తన వంతు కావలి కాచెను. నవంబరు 9 న మరణించెను. అతనిని సముద్రమునకు అప్పగించి మిగిలినవారు తమ పనికి మరలిరి. తుదకు ఐర్లండు పశ్చిమతీరము కనబడెను. నవంబరు 16 న ఆ ఓడ తన యంత్రముల బలముతోనే స్కాట్లండులోని క్లైడు నదీముఖము చేరెను. పెట్రోలులో స్వల్పభాగము తప్ప తక్కినదంతయు దక్కినది.

ఈ కథకు న్యాయస్థానమున ఒక అధ్యాయము కలదు. ఆపదలోని ఓడను కాపాడిన పరాయివారికి పారితోషికము ఇచ్చుట సముద్రన్యాయము. ఆ ఓడలో జీతము పుచ్చుకొను నావికుడు దానిని కాపాడుట అతని విధియే గనుక అతనికి పారితోషికము లేదు. కాని వీరు కప్తాను ఆజ్ఞపై ఓడను విడిచినారు. విడిచిన క్షణముననే ఆ ఓడతో వారి ఉద్యోగబంధము తీరినది. పిమ్మట ఎక్కినది విధిచేత కాదు, స్వేచ్ఛచేత. ఈ వాదమును న్యాయస్థానము అంగీకరించి 14,700 పౌనుల పారితోషికమును ఇప్పించినది. బాయిల్ కుటుంబమునకును అందు భాగము లభించినది. 1943 లో ఈ వృత్తాంతము చలనచిత్రముగా కూడ వెలువడినది.

ఆ చిత్రము ప్రేక్షకుల ముందుకు వచ్చునప్పటికి ఓడ మాత్రము లేదు. మరమ్మతులు పొంది అది మరల సముద్రమునకు పోయెను. 1942 మార్చిలో అమెరికాలోని బాల్టిమోరు రేవున సారాయమును, మోటారు పెట్రోలును నింపుకొని బయలుదేరెను. మార్చి 17 న వర్జీనియా తీరమునకు కొంతదూరమున యు-404 అను జర్మను జలాంతర్గామి టార్పీడోలకు గురియై మునిగిపోయెను. 19 మంది మరణించిరి. పదునొకండు అంగుళముల గుండ్లకు, రెండు దినముల మంటకు, దిక్సూచి లేని ప్రయాణమునకు లొంగని ఓడ తీరమునకు చేరువ సముద్రమున నశించెను.

కారణము దూరమున లేదు. ఆనాడు అది ఒంటరిగా పోవుచుండెను. అమెరికా యుద్ధమున ప్రవేశించి మూడు నెలలు గడచినను ఆ దేశపు తూర్పుతీరమున కాన్వాయిలు ఇంకను ఏర్పడలేదు. తీరనగరముల దీపములు రాత్రులందు వెలుగుచునేయుండెను. ఆ వెలుగునకు అడ్డముగా పోవు ఓడలు జలాంతర్గాములకు స్పష్టముగా కనబడుచుండెను. ఆ తీరమున కాన్వాయిలు మే నెలలో గాని ఆరంభము కాలేదు. ఇట్టి ఒంటరితనపు ఫలమును మన తీరమును ఎరుగును. శాన్ డెమెట్రియో మునిగిన మూడు వారములకు, 1942 ఏప్రిల్ 6 న, జపాను విమానములు విశాఖపట్టణముపైని, కాకినాడపైని బాంబులు వేసినవి. ఆ దినములలోనే బంగాళాఖాతమున కావలి లేక విడివిడిగా పోవుచున్న వర్తకపు ఓడలు సుమారు 20 జపాను నౌకల పాలబడినవి.

శాన్ డెమెట్రియో చరిత్రను సాధారణముగా పదునార్గురి సాహసగాథగా చెప్పుదురు. అది నిజమే. కాని ఆ పదునార్గురు సాహసము చూపుటకు ఒక ఓడ మిగిలియుండుట జర్విస్ బే నావికులు చీకటి పడువరకు నిలిచిన ఫలము. తోడు ఉన్న దినమున ఆ ఓడ యుద్ధనౌక నోటినుండి బయటపడినది. తోడు లేని దినమున దాని గత సాహసము దానిని కాపాడలేకపోయినది. మనుష్యుల ధైర్యము ఎంత గొప్పదైనను, దానికి కావలి కాయవలసిన ఏర్పాటు మరియొకరి బాధ్యత. ఆ బాధ్యత మూడు నెలలు ఆలస్యమైనచో దాని మూల్యమును చెల్లించువారు ఓడలోని మనుష్యులే. జర్విస్ బే వారిని, మైదాన్ ఓడలోని 91 మందిని, వర్జీనియా తీరమున మునిగిన 19 మందిని ఒక్క వరుసలో స్మరించుటయే ఈ చరిత్రకు తగిన ముగింపు.