రాజు ఎదుట గిన్నె పట్టుకొన్నవాడు

రేడియోలో నెహెమ్యాను గూర్చి చెప్పిన మాటలను, మన నాదెండ్ల ఊరి పేరుతో కలిపి, మరల మీ ముందు ఉంచుతున్నాను. పారసీక రాజుల కోటకూ పల్నాటి ఊరికీ ఏమి సంబంధమని మీరు అడగవచ్చు. కొంచెం ఓపిక పట్టండి.

నెహెమ్యా చెరపట్టబడిన యూదుల సంతతివాడు. అయినా షూషను కోటలో అర్తహషస్త రాజుకు గిన్నె అందించే అధికారి. ఈ మాట చదివి ఆయనను విందులో వడ్డించే పనివాడనుకొంటాము. సెమినరీలో చదివే రోజుల్లో నేనూ అలాగే అనుకొని దాటిపోయాను. కాని రాజు త్రాగే ద్రాక్షారసంలో విషం లేదని తన ప్రాణం అడ్డువేసి చూపించేవాడే గిన్నె అందించేవాడు. అర్తహషస్త తండ్రి అహష్వేరోషు, అంటే గ్రీకులు క్సెర్క్సెస్ అన్న రాజు, క్రీ.పూ. 465లో తన కొలువులోనివారి కుట్రకే బలైపోయాడు. అలాంటి ఇంటి కుమారుడు ఎవరి చేతి గిన్నె పుచ్చుకొంటాడు? ఎంతో నమ్మినవాని చేతిదే గదా!

యెరూషలేము ప్రాకారం కూలి ఉందన్న వార్త నెహెమ్యా కిస్లేవు మాసంలో విన్నాడు. నీసాను వరకు, అంటే దాదాపు నాలుగు నెలలు, ఆ దుఃఖాన్ని ముఖం మీదికి రానివ్వలేదు. క్రీ.పూ. 445లో ఒక రోజు రాజు అది కనిపెట్టి, ఎందుకు విచారంగా ఉన్నావని అడిగాడు. తాను మిగుల భయపడ్డానని నెహెమ్యాయే వ్రాసుకొన్నాడు (నెహెమ్యా 2:2). గిన్నె పట్టుకొన్నవాని ముఖం మారితే రాజుకు మొదట వచ్చే అనుమానం ఏమిటో ఆలోచించండి.

ఇప్పుడు మన ప్రాంతానికి వద్దాము. 1515 జూన్ 23న శ్రీకృష్ణదేవరాయలు కొండవీడు దుర్గం పట్టుకొన్నాడు. దాని పాలన మహామంత్రి సాళువ తిమ్మరుసు మేనల్లుడైన నాదెండ్ల గోపనకు దక్కింది. ఆ వంశం ఇంటిపేరే మన ఊరి పేరు. గోపనకూ, ఆయన అన్న అప్పనకూ పల్లకీ, వింజామరల మర్యాదలు దొరికిన సంగతి మంగళగిరి శాసనంలో ఉంది. గోపన పండితుడు కూడా; ప్రబోధచంద్రోదయమనే సంస్కృత నాటకానికి వ్యాఖ్య వ్రాశాడు.

ఇంత గౌరవానికీ ఆధారం మేనమామ మీద రాజుకున్న నమ్మకం. 1524లో రాయల చిన్న కుమారుడు తిరుమలరాయుడు చనిపోయాడు. విషం పెట్టింది తిమ్మరుసు కుమారుడని రాజు నమ్మి, తన్ను సింహాసనం ఎక్కించిన ఆ ముసలి మంత్రిని చెరలో వేయించి కన్నులు తీయించాడని నూనిజ్ అనే పోర్చుగీసు గుర్రాల వర్తకుడు వ్రాశాడు. చరిత్రకారులందరూ దీనిని ఒప్పుకోరు. కాని రాజు అనుమానం ఎంతవరకు పోగలదో ఆ కాలపువారికి తెలుసు. షూషనులో నెహెమ్యాకూ తెలుసు.

తెలిసీ ఆయన నోరు తెరిచాడు. సెలవు అడిగాడు, కలపకు తాకీదులు అడిగాడు, అధిపతిగా వెళ్లాడు.

గోపన కాలంలో, 1520లో, వేయించిన కొండవీటి శాసనంలో సుంకాల పట్టీ ఉంది. జొన్నలు, ఉప్పు, మామిడిపండ్లు, వంకాయలు, చింతపండు, పసుపు, మిరియాలు, ఇలా సాగుతుంది. (మన మిరపకాయ అప్పటికింకా ఈ నేలకు రాలేదు!) బస్తా ఎత్తినవాడల్లా కట్టవలసిందే. యూదా దేశంలోనూ అంతే. రాజుకు పన్ను కట్టడానికి జనులు పొలాలు తాకట్టు పెట్టి, బిడ్డలను దాసులుగా అప్పగిస్తున్నారు. మునుపటి అధిపతులు ఆహారం, ద్రాక్షారసం గాక నలువది తులముల వెండి కూడా పిండుకొన్నారు. నెహెమ్యా బల్ల దగ్గర నూట ఏబదిమంది భోజనం చేసేవారు. దినానికి ఒక ఎద్దు, ఆరు క్రొవ్విన గొఱ్ఱెలు. అయినా అధిపతికి రావలసిన భత్యం పండ్రెండు సంవత్సరాలు ఆయన ముట్టలేదు (5:14-18). బీదల వడ్డీ మాన్పించాడు, పొలాలు తిరిగి ఇప్పించాడు.

క్రీ.పూ. 433లో ఆయన మరల రాజునొద్దకు వెళ్లాడు (13:6). కొంతకాలమైన తరువాత అదే రాజు ఎదుట నిలబడి, యెరూషలేముకు పోవడానికి మరల సెలవు అడిగాడు.