పాలకుర్తి చేను - ఐలమ్మ పట్టుదల

భూమిని దున్నువాడొకడు, దానికి కాగితము గలవాడు వేరొకడు అగుట మన చరిత్రలో తరచుగా కానవచ్చు విషయము. నిజాము రాజ్యములో ఈ భేదము మిక్కిలి ఘోరముగ నుండెను. అచట గ్రామలెక్కలు పట్వారీల చేతిలోను, వేలకొలది యెకరములు దేశముఖుల చేతిలోను ఉండెను. ఏండ్ల తరబడి సాగుచేసిన రైతుకైనను పహాణీలో పేరు లేకున్న, అతని కష్టమునకు సాక్ష్యము లేకుండెను.

ఆనాటి నల్లగొండ జిల్లా, జనగామ తాలూకా, పాలకుర్తి గ్రామమున చిట్యాల ఐలమ్మ యను రజక స్త్రీ యుండెను. ఆమె కుటుంబము కులవృత్తితోపాటు మల్లంపల్లి దొరవద్ద భూమిని కౌలునకు గైకొని సేద్యము చేయుచుండెను. ఊరి పట్వారీ తన పొలమున పనికి రమ్మనగా ఆమె నిరాకరించెను. పైగా, ప్రజలు "సంగము" అని పిలుచుకొనిన ఆంధ్రమహాసభలో చేరెను. ఈ రెండును విసునూరు దేశముఖు రామచంద్రారెడ్డికి కంటగింపయ్యెను. ఆమె భర్తపైనను, కుమారులపైనను నేరములు మోపి నిర్బంధింపజేసిరి. పిదప ఆ భూమి దేశముఖుదేయని చెప్పి, పండిన పైరును కోసికొని పోవుటకు మనుష్యులను పంపిరి.

కోతవేళనే యేల వచ్చిరి? పంట యెవరి కల్లమునకు చేరునో, ఆ యేటి సాగు వారిదేయని వ్రాయుట సులభము. గింజ పోయిన నాడు కుటుంబమునకు తిండి మాత్రమే కాదు, భూమిపై హక్కును పోవును. ఈ మర్మమును ఐలమ్మ యెరుగును. సంగము కార్యకర్తలు కర్రలు చేబూని ఆమెకు బాసటగా చేనిలో నిలిచిరి. వచ్చిన మూక వెనుదిరిగెను. కోసిన ధాన్యము ఆమె యింటికే చేరెను. తరువాత ఆమె బాధలు పెక్కు పడెను గాని, చేను విడువలేదు.

1946 జూలై 4వ తేదీన కడవెండిలో దేశముఖు మనుష్యుల తుపాకి గుండ్లకు దొడ్డి కొమరయ్య బలియయ్యెను. పోరు తెలంగాణమంతట వ్యాపించెను. 1949లో జాగీర్లు రద్దయ్యెను. 1950లో కౌలుదారుల రక్షణకు శాసనము వచ్చెను. ఐలమ్మ 1985 సెప్టెంబరు 10న దివంగతురాలయ్యెను.

చట్టము పుట్టుటకు ముందే ఒక కుటుంబము తన చేనిగట్టున నిలిచి న్యాయమడిగెను. చట్టము వచ్చిన పిమ్మట దానిని నిలుపుకొనుటకు చదువు కావలెను. తన భూమి లెక్కను తానే చదువుకొనగల రైతును మోసగించుట కష్టము. గ్రంథాలయము గల గ్రామమునకు ఈ కథ తెలిసియుండుట ఎంతయు అవసరము.