దృశ్యమును సాక్ష్యమును: బి. నర్సింగరావు చిత్రములపై ఒక పరిశీలనము

తెలుగునాట చిత్రకారుడును, డాక్యుమెంటరీ చిత్రకర్తయు నొక్కరే యగుట అరుదు. అట్టివారిలో బి. నర్సింగరావుగారిని ముందుగా పేర్కొనవలెను. వీరు 1946లో గజ్వేలు చెంతనున్న ప్రజ్ఞాపురమున జన్మించిరి. చిత్రలేఖనము, ఛాయాగ్రహణము, కవిత్వము వీరికి సమానముగా పరిచితములు. 1979 నాటి ‘మా భూమి’కి వీరు నిర్మాతలలో నొకరు; దర్శకుడు గౌతమ్ ఘోష్. 1983లో ‘రంగుల కల’యందు చిత్రకారుని పాత్రను తామే ధరించిరి.

మన చర్చకు ముఖ్యమైనవి తరువాతి రెండు. 1987 నాటి ‘మా ఊరు’ తెలంగాణ పల్లెజీవితమును చూపు డాక్యుమెంటరీ. 1988 నాటి ‘దాసి’ నిజాము పాలనలోని గడిలో దాసిగా బ్రదికిన స్త్రీ కథ. దీనికి కళాదర్శకత్వము వహించి జాతీయ పురస్కారము నందినవారు కరీంనగరు జిల్లా బూరుగుపల్లిలో జన్మించిన చిత్రకారుడు తోట వైకుంఠం. నాయికగా నటించిన అర్చనకును జాతీయ పురస్కారము లభించినది.

పరిశోధక విద్యార్థులు ఈ రెంటిని నొకేవిధముగ ప్రమాణముగా చూపుచుందురు. ఇది సరికాదని మా యభిప్రాయము. ‘దాసి’లోని గడి 1988లో కళాకారులు పునఃకల్పించినది, ఆనాటి స్మృతికి అది సాక్ష్యము, గడికి కాదు. కీర్తిలో ‘దాసి’యే మిన్న యైనను, జానపద సంస్కృతిని పరిశోధించువారికి ‘మా ఊరు’ ఎక్కువ ఉపకరించును.

అట్లని డాక్యుమెంటరీ యన్నంతనే నమ్మదగదు. 1934లో ఫ్లాహర్టీ ‘మాన్ ఆఫ్ ఆరన్’ తీసినపుడు ఆ ఐర్లండు ద్వీపవాసులు పెద్ద సొరచేపల వేట మాని దశాబ్దములు గడచినవి. కెమెరాకొరకై వారికి దానిని మరల నేర్పిరి! చూచువాడు దానిని 1934 నాటి యాచారముగనే తలచును. భావనపాడు తీరమున రేపొకడు పాత తెప్పను సముద్రములోనికి త్రోయించి చిత్రించినచో, మన విద్యార్థియు నట్లే మోసపోవును.

ఈ సంగతి మాకు స్వానుభవముననే తెలిసినది. ఉద్దానమున కవిటి, వజ్రపుకొత్తూరు ప్రాంతములలో మేము విద్యార్థులతో తిరిగి, కొబ్బరి, పనస, జీడి తోటల ఛాయాచిత్రములు తీయించితిమి; పలాసలో జీడిపిక్కలు కొట్టు స్త్రీల చేతులను, జీడిరసపు మరకలతోసహా తీయించితిమి. వెనుక తేదీలు వ్రాయుట మాత్రము మరచితిమి. 2018 అక్టోబరు 11న తిత్లీ తుపాను పలాస చెంత తీరము దాటి ఆ తోటలను కూల్చినది. కూలిన చెట్లున్న బొమ్మలు తరువాతివని సులభముగా తేలినవి. నిలిచిన చెట్లున్నవి ముందువో, తుపాను విడిచిన మూలలవో తేల్చుటకు మరల ఆ యూళ్లకే పోయి, తోట యజమానులకు ఒక్కొక్కటిగా చూపవలసివచ్చినది. వారు చెట్టును గుర్తించి, అది ఎవరిదో చెప్పి, కొన్నింటిని చూచి మాటాడక తిరిగి యిచ్చిరి. అట్టివానిని మేము ‘ముందు’ అని వ్రాసికొంటిమి.